ఫైర్ ఆఫీసర్, నేపాళ మాంత్రికుడు, నిర్మాత: ఎస్వీ రంగారావు సొంత డబ్బుతో ఏం తీశారు?

నేను సాలూరు నుంచి మాట్లాడుతున్నాను. మా ఊరు లారీలకు పేరు. క్లీనర్‌గా చేరి, డ్రైవరై, ఆఖరికి సొంత బండి కొన్నవాళ్లు ఇక్కడ చాలామంది ఉన్నారు. బండి ఆగిపోతే డ్రైవర్‌కి ఆ ట్రిప్పు డబ్బులే పోతాయి. ఓనర్‌కి మాత్రం బండి ఆగినా ఫైనాన్స్ కిస్తీ ఆగదు. సినిమాల్లో నటుడు నిర్మాతగా మారడం కూడా అలాంటిదే. ఈరోజు అలా మారిన ఎస్వీ రంగారావు గారి గురించి చెప్పుకుందాం.

ఆయన 1918 జూలై 3న నూజివీడులో పుట్టారు. మా వైపుతో ఆయనకు సంబంధం ఉంది. సినిమాల్లోకి రాకముందు బందరులోనూ, మన విజయనగరంలోనూ ఫైర్ ఆఫీసర్‌గా పనిచేశారు. నాటకాల పిచ్చితో ఆ ఉద్యోగం వదిలేశారు. తొలి సినిమా 'వరూధిని'లో హీరో ఆయనే, కానీ అది ఆడలేదు. దాంతో జంషెడ్‌పూర్ వెళ్లి టాటా కంపెనీలో ఉద్యోగానికి చేరిపోయారు. కథ అక్కడితో అయిపోవాల్సింది.

కానీ మళ్లీ మద్రాసు వచ్చారు. 1951లో 'పాతాళభైరవి'లో నేపాళ మాంత్రికుడు. అప్పటికి ఆయన వయసు ముప్పై మూడేళ్లలోపే! 1957లో 'మాయాబజార్'లో ఘటోత్కచుడు. ఆ సినిమాకి నాలుగు పాటల బాణీలు కట్టింది మా సాలూరు దగ్గర శివరామపురంలో పుట్టిన సాలూరి రాజేశ్వరరావు గారు. ఆయన తప్పుకున్నాక మిగతా పని ఘంటసాల గారు పూర్తి చేశారు. ఇక 'నర్తనశాల'లో వేసిన కీచకుడికి జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఏషియన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది.

ఇప్పుడు అసలు విషయం. ఇంత పేరున్న మనిషి తన డబ్బు పెట్టి సినిమా తీయాలంటే ఏం తీస్తాడు? గద పట్టుకుని గర్జించే పాత్ర తనే వేసుకుని తీస్తాడు అనుకుంటాం కదా. ఆయన అలా చేయలేదు.

1965లో 'నాదీ ఆడజన్మే' తీశారు. తమిళంలో వచ్చిన 'నానుమ్ ఒరు పెణ్' దీనికి మూలం. నల్లగా ఉందనీ, చదువు లేదనీ చిన్నచూపు చూసే ఇంట్లో కోడలిగా అడుగుపెట్టిన అమ్మాయి కథ ఇది. సినిమా మొత్తం సావిత్రి గారి మీదే నడుస్తుంది. ఒంటి రంగు గురించి ఈరోజుకీ పెళ్లిచూపుల్లో ఎలాంటి మాటలు వినిపిస్తాయో మీకు తెలుసు. అరవై ఏళ్ల కిందటే ఆయన ఆ కథ మీద డబ్బు పెట్టారు.

తర్వాత డైరెక్టర్ కూడా అయ్యారు. 1967లో 'చదరంగం', 1968లో 'బాంధవ్యాలు'. ఈ రెండోది పల్లెటూళ్లో ఒక ఉమ్మడి కుటుంబం కథ. మాయల్లేవు, మంత్రాల్లేవు. నటి లక్ష్మి తెలుగు తెరకు పరిచయమైంది దీంతోనే. 'చదరంగం'కి వెండి నంది వస్తే, 'బాంధవ్యాలు'కి బంగారు నంది వచ్చింది.

నాకు ఇక్కడ ఒకటి అర్థమైంది. వేరేవాళ్ల సినిమాల్లో ఆయన రాక్షసుడు, రాజు, మాంత్రికుడు. సొంత డబ్బు పెట్టినప్పుడు మాత్రం మన ఇళ్లలో కనిపించే మనుషుల్నే ఎంచుకున్నారు. ఒక నటుడికి లోపల ఏది ఇష్టమో తెలియాలంటే, అతను ఏ కథ కోసం రిస్క్ తీసుకున్నాడో చూడాలి.

1974 జూలై 18న మద్రాసులో ఆయన చనిపోయారు. వయసు యాభై ఆరే. ఒక్క పద్మ పురస్కారం కూడా రాలేదు. 2013లో మాత్రం భారతీయ సినిమా వందేళ్ల సందర్భంగా విడుదల చేసిన పోస్టల్ స్టాంపుల్లో ఆయన బొమ్మ ఉంది.

యూట్యూబ్‌లో ఎస్వీఆర్ అని కొడితే ముందు ఘటోత్కచుడే వస్తాడు. చూడండి, ఎన్నిసార్లు చూసినా తనివి తీరదు. ఆ తర్వాత 'బాంధవ్యాలు' అని కూడా కొట్టండి. అమ్మమ్మనో నానమ్మనో పక్కన కూర్చోబెట్టుకుని చూడండి. సినిమా అయ్యాక వాళ్లను కదిపితే, మీ ఇంటి కథలు కూడా కొన్ని బయటికొస్తాయి. ఉంటాను మరి.