పేరు పోయినా అర్థం మిగిలింది: ఔడి కారు కథ

నాలుగు వలయాల గుర్తు గల జర్మన్ కారు నేడు మన దేశపు నగరాలలో కూడా కనిపిస్తున్నది. దాని పేరును మనవారు ఎక్కువగా ‘ఆడి’ అని పలుకుతారు. జర్మన్లు ‘ఔడి’ అంటారు. మోటారు కార్లకు పేర్లు పలు విధాలుగా ఏర్పడినవి. ఫోర్డ్, బెంజ్ మొదలైనవి నిర్మాతల ఇంటి పేర్లు. ఫోక్స్‌వాగన్ అనగా ప్రజల కారు. బి.ఎం.డబ్ల్యు. అనేది బవేరియా మోటారు కర్మాగారం అనే అర్థం గల జర్మన్ మాటల మొదటి అక్షరాల కూర్పు. మెర్సిడిస్ ఒక బాలిక పేరు. ఔడి పేరు వీటిలో ఏ తరగతిలోనూ పూర్తిగా ఇమడదు. ఒక విధంగా అది కూడా నిర్మాత ఇంటి పేరే. కాని ఆ ఇంటి పేరును కార్లకు పెట్టే హక్కు అతనికి లేదని న్యాయస్థానం తీర్పు చెప్పింది. అప్పుడు దానిని మరొక భాషలోకి అనువదించగా వచ్చిన మాట ఔడి.

పుట్టుకతో వచ్చిన పేరు మనిషికి కాకుండా పోవడం ఎట్లా సాధ్యం? ఔడి చరిత్ర అంతా ఈ ప్రశ్న చుట్టూ తిరుగుతుంది.

కమ్మరి కుమారుడు

ఔగుస్ట్ హోర్ష్ 1868 అక్టోబరు 12న, జర్మనీలో మోజెల్ నది ఒడ్డున ఉన్న విన్నింగెన్ గ్రామంలో జన్మించాడు. తండ్రి కమ్మరి. కుమారుడు కూడా మొదట కొలిమి ముందే పని నేర్చుకొన్నాడు. తరువాత సాక్సనీ రాష్ట్రంలోని మిట్‌వైడా సాంకేతిక విద్యాలయంలో ఇంజనీరింగు చదివాడు. 1896లో మాన్‌హైమ్ నగరంలో కార్ల్ బెంజ్ కర్మాగారంలో చేరాడు. 1886లో పెట్రోలుతో నడిచే మూడు చక్రాల బండికి పేటెంటు పొందిన బెంజ్ ఇతడే. అక్కడ హోర్ష్ కార్ల నిర్మాణ విభాగానికి అధిపతి అయినాడు.

ఆనాటి కార్లకు ఒక పెద్ద లోపం ఉండేది. ఇంజనులో పిస్టను క్షణానికి అనేకసార్లు ముందుకు వెళ్ళి, ఆగి, వెనుకకు తిరుగుతుంది. ఒకటి రెండు సిలిండర్లు మాత్రమే గల ఇంజనులో ఈ కుదుపును సరితూచే మరొక బలం సరిపోయినంతగా ఉండదు. అందువల్ల బండి అంతా వణికేది. ఇంజను శక్తిని చక్రాలకు అందించడానికి తోలు పట్టాలు, గొలుసులు వాడేవారు. పట్టాలు జారేవి; గొలుసులు దుమ్ముపట్టి అరిగేవి.

ఈ లోపాలను సరిదిద్దాలనే పట్టుదలతో హోర్ష్ 1899 నవంబరు 14న కొలోన్ నగరంలో తన పేరుతోనే సొంత కంపెనీ స్థాపించాడు. అతని తొలి కారు 1901లో రోడ్డెక్కింది. కుదుపు తక్కువగా ఉండే ఇంజనును అతడు రూపొందించాడు. గొలుసులకు బదులు ఉక్కు ఇరుసు ద్వారా శక్తిని వెనుక చక్రాలకు పంపే ఏర్పాటు చేశాడు. గేరు చక్రాలకు క్రోమియం, నికెలు కలిపిన గట్టి ఉక్కును వాడిన తొలి నిర్మాతలలో అతడొకడు. లోహాల గుణగుణాలు తెలిసిన కమ్మరి కుటుంబం నుండి వచ్చినవాడు ఇట్లా ఆలోచించడంలో ఆశ్చర్యం లేదు.

పేరు ఎవరి ఆస్తి?

కార్ల తయారీకి పెట్టుబడి విస్తారంగా కావాలి. దానిని వెదుకుతూ హోర్ష్ 1902లో కర్మాగారాన్ని సాక్సనీలోని రైషెన్‌బాక్‌కు, 1904లో జ్వికావ్ పట్టణానికి తరలించాడు. అదే సంవత్సరం కంపెనీ వాటాల సంఘంగా మారింది. ఈ మార్పును విద్యార్థులు జాగ్రత్తగా గమనించాలి. వాటాల కంపెనీ చట్టం దృష్టిలో ఒక ప్రత్యేక వ్యక్తి. స్థాపకుడు వేరు, కంపెనీ వేరు. కంపెనీకి సొంత ఆస్తి, సొంత అప్పులు, సొంత పేరు ఉంటాయి. స్థాపకుని పేరే కంపెనీకి ఉన్నప్పటికీ, వ్యాపారరంగంలో ఆ పేరు ఇక కంపెనీ ఆస్తియే.

1906లో హెర్కోమర్ పోటీ అనే ప్రసిద్ధమైన కార్ల పరీక్షలో హోర్ష్ కారు గెలిచింది. నడిపినవాడు జ్వికావ్‌కు చెందిన రుడాల్ఫ్ ష్టోస్ అనే న్యాయవాది. దీనితో హోర్ష్ అనే మాటకు దేశమంతటా గౌరవం, ఆ గౌరవం వెంట వ్యాపార విలువ వచ్చినవి. కాని కంపెనీ నిర్వాహకులకు, హోర్ష్‌కు మధ్య అభిప్రాయభేదాలు పెరిగినవి. కొత్త ఇంజన్ల మీద, పోటీల మీద ఎంత ఖర్చు చేయాలి అనేది తగవుకు మూలం. చివరకు 1909 జూన్‌లో హోర్ష్ తాను పుట్టించిన కంపెనీని తానే విడిచి బయటకు రావలసివచ్చింది.

నెల తిరగకుండానే, 1909 జులై 16న, అదే పట్టణంలో అతడు రెండవ కంపెనీ ప్రారంభించాడు. దానికి కూడా తన పేరే పెట్టాడు. ఒకే ఊరిలో, ఒకే పేరుతో, ఒకే రకమైన సరుకు తయారుచేసే రెండు కర్మాగారాలు ఏర్పడినవి. పాత కంపెనీ వెంటనే దావా వేసింది.

ఈ వ్యాజ్యంలో ఇరుపక్షాల వాదనలోనూ న్యాయం లేకపోలేదు. “ఇది నా తండ్రి ఇచ్చిన పేరు, దీనిని నా నుంచి ఎవరు తీసుకోగలరు?” అనేది హోర్ష్ స్థితి. “ఈ పేరును చూసి జనం మా కారు కొంటున్నారు, అదే పేరుతో మరొకరు అమ్మితే కొనేవారు మోసపోతారు” అనేది కంపెనీ స్థితి. వ్యాపార చిహ్నాల చట్టం ముఖ్యంగా కాపాడేది ఈ రెండవ విషయాన్నే. వస్తువు ఎవరి వద్ద నుండి వస్తున్నదో కొనుగోలుదారుకు స్పష్టంగా తెలియాలి. వివాదం లైప్‌జిగ్‌లోని సామ్రాజ్య అత్యున్నత న్యాయస్థానం దాకా వెళ్ళింది. హోర్ష్ ఓడిపోయాడు. నిత్యజీవితంలో అతడు ఔగుస్ట్ హోర్ష్‌గానే ఉండవచ్చు. కాని తాను తయారుచేసే కారు మీద తన పేరు చెక్కరాదు.

లాటిన్ చదువుతున్న బాలుడు

కొత్త పేరు నిర్ణయించడానికి హోర్ష్, అతని మిత్రులు ఫ్రాంజ్ ఫికెన్‌చర్ అనే వ్యాపారి ఇంట సమావేశమైనారు. ఎన్నో పేర్లు వచ్చినవి, ఏదీ నచ్చలేదు. ఆ గదిలోనే ఒక మూల ఫికెన్‌చర్ కుమారుడు హైన్రిక్ కూర్చుని లాటిన్ పాఠం చదువుకుంటున్నాడు. పెద్దల మాటలు వింటూ, ఏదో చెప్పబోయి, మళ్ళీ ఊరకుండిపోతున్నాడు. చివరకు ఉండబట్టలేక నోరు విప్పాడు. రెండవ పక్షం మాట కూడా వినాలి అనే అర్థం గల ఒక లాటిన్ న్యాయసూక్తిని ముందు చెప్పి, హోర్ష్‌కు బదులు ఔడి అనకూడదా అని తండ్రిని అడిగాడు. సభలోని వారందరూ సంతోషంతో ఒప్పుకొన్నారు.

బాలుని సూచనలోని చమత్కారం తెలియాలంటే కొంత వ్యాకరణం కావాలి. జర్మన్ భాషలో ‘హోర్షెన్’ అనగా శ్రద్ధగా చెవి ఒగ్గి వినడం. దాని ఏకవచన విధిరూపం ‘హోర్ష్’: ఆలకించు! ఈ క్రియారూపమే ఒక వంశానికి ఇంటి పేరుగా కూడా ఉన్నది. లాటిన్‌లో ‘ఔదీరె’ అనగా వినడం. దాని ఏకవచన విధిరూపం ‘ఔడి’. పలువురితో చెప్పవలసి వస్తే ‘ఔడీతె’. మన విను, వినుడు అనే రూపాల వంటివే ఇవి. కనుక ఔడి అనేది హోర్ష్ అనే మాటకు అర్థంలోనే కాక క్రియారూపంలో కూడా సరిపోయిన అనువాదం. శబ్దం మారింది గనుక కోర్టు అడ్డు చెప్పలేదు. అర్థం మారలేదు గనుక హోర్ష్‌కు లోటు కలగలేదు.

ఈ లాటిన్ ధాతువు మనకు కూడా కొత్తది కాదు. ఆడియో, ఆడిటోరియం, ఆడిషన్ అనే మాటలన్నీ దాని సంతానమే. లెక్కలు తనిఖీ చేసే ఆడిటరు కూడా మొదట ‘వినేవాడు’. పూర్వం లెక్కలను పైకి చదువుతుండగా అధికారి విని సరిచూసేవాడు. భాషాశాస్త్రజ్ఞులు మరొక అడుగు ముందుకు వేసి, ఈ ధాతువును ‘బయలుపడిన, స్పష్టమైన’ అనే అర్థం గల సంస్కృతంలోని ‘ఆవిస్’ శబ్దంతో జోడిస్తున్నారు. మన ఆవిర్భావం, ఆవిష్కరణ అనే మాటలు ఆ శబ్దం నుండి ఏర్పడినవే.

1910 ఏప్రిల్ 25న ఔడి కంపెనీ పేరు జ్వికావ్‌లో నమోదైంది. అదే సంవత్సరం తొలి ఔడి కారు వెలువడింది. 1912, 1913, 1914 సంవత్సరాలలో ఆస్ట్రియాలోని ఆల్ప్స్ పర్వతాలలో జరిగిన కఠినమైన పోటీలలో ఈ కార్లు వరుసగా విజయం సాధించినవి. కొత్త పేరుకు తనదైన కీర్తి లభించింది.

నాలుగు వలయాలు

1920లో హోర్ష్ కర్మాగారం రోజువారీ బాధ్యతలు వదలి బెర్లిన్ వెళ్ళాడు. తరువాత దశాబ్దం చివర ప్రపంచమంతటా ఆర్థిక మాంద్యం వ్యాపించింది. సాక్సనీలోని కార్ల కంపెనీలు ఒంటరిగా నిలబడలేని స్థితి వచ్చింది. ఆ రాష్ట్రపు బ్యాంకు చొరవతో 1932లో నాలుగు సంస్థలు కలిసి ‘ఆటో యూనియన్’గా ఏర్పడినవి. ఒకదానితో ఒకటి పెనవేసుకొన్న నాలుగు వలయాలు ఆ నాలుగింటికి గుర్తు.

ఆ నాలుగు పేర్లకూ అర్థాలు కలవు. వాండరర్ అనగా బాటసారి; సైకిళ్ళతో మొదలైన సంస్థకు తగిన పేరు. డి.కె.డబ్ల్యు. అనే అక్షరాలు మొదట ‘ఆవిరితో నడిచే బండి’ అనే జర్మన్ మాటలకు సంక్షేపం. ఆవిరి బండి విఫలమైనా అక్షరాలు నిలిచినవి. ఒక బొమ్మ ఇంజను తయారుచేసినప్పుడు వాటికే ‘బాలుని కోరిక’ అనీ, మోటారు సైకిళ్ళ కాలంలో ‘చిన్న అద్భుతం’ అనీ కొత్త అర్థాలు కల్పించారు. మూడవది ఔడి. నాలుగవది హోర్ష్! 23 సంవత్సరాల క్రితం కోర్టులో పోరాడి విడిపోయిన రెండు కంపెనీలు ఇట్లా ఒకే గుర్తు కిందకు వచ్చినవి. ఔగుస్ట్ హోర్ష్‌కు కొత్త సంస్థ పర్యవేక్షక సంఘంలో స్థానం లభించింది.

ఈ చరిత్రలో మరువరాని చీకటి అధ్యాయం ఒకటి ఉన్నది. రెండవ ప్రపంచయుద్ధంలో ఆటో యూనియన్ యుద్ధసామగ్రి తయారుచేసింది. అందుకు నిర్బంధ కార్మికులను, నాజీల నిర్బంధ శిబిరాలలోని ఖైదీలను వాడుకొన్నది. ఔడి సంస్థయే చేయించి 2014లో ప్రకటించిన పరిశోధన ప్రకారం, శిబిర ఖైదీలే 3,700 మందికి పైగా ఈ సంస్థ కోసం పనిచేయవలసివచ్చింది. నేటి చెక్ దేశంలోని లైట్‌మెరిట్స్ శిబిరంలో భూగర్భ కర్మాగారం నిర్మాణంలోను, పనిలోను సుమారు 4,500 మంది మరణించారు. ఆ మరణాలకు ఆటో యూనియన్‌కు నైతిక బాధ్యత ఉన్నదని పరిశోధకులు తేల్చారు. ‘విను’ అనే పేరు గల సంస్థ తన గతంలోని ఈ ఆక్రందనను పూర్తిగా వినడానికి దాదాపు 70 సంవత్సరాలు పట్టింది.

పేరుకు పునర్జన్మ

యుద్ధానంతరం జ్వికావ్ సోవియట్ ఆధీనంలోకి వచ్చింది. ఆటో యూనియన్ కర్మాగారాలు ప్రభుత్వపరమైనవి. ఆ పట్టణంలోనే 1957 నుండి 1991 వరకు ట్రాబంట్ అనే చిన్న కారు 30 లక్షలకు పైగా తయారైంది. ట్రాబంట్ అనగా ఉపగ్రహం. స్పుత్నిక్ ఆకాశానికి ఎగసిన సంవత్సరంలో పెట్టిన పేరు అది. పశ్చిమ జర్మనీకి చేరిన పాత ఉద్యోగులు 1949లో ఇంగోల్‌స్టాట్ పట్టణంలో ఆటో యూనియన్‌ను తిరిగి నెలకొల్పారు. కాని వారి కార్లకు డి.కె.డబ్ల్యు. అనే పేరే ఉండేది. ఔడి అనే మాట మార్కెట్టు నుండి మాయమైంది.

దానిని తిరిగి లేపినది ఇంజనులోని మార్పు. డి.కె.డబ్ల్యు. కార్లవి రెండు స్ట్రోకుల ఇంజన్లు. వాటిలో ఇరుసు ఒక్కసారి తిరిగేసరికి ప్రతి సిలిండరు ఒకసారి శక్తినిస్తుంది. నిర్మాణం సులభం, ధర చౌక. అయితే నూనెను పెట్రోలులోనే కలపాలి. అది కూడా కాలి నీలిరంగు పొగ వెడలుతుంది. మండని పెట్రోలు కొంత పొగతో పాటే బయటకు పోతుంది. నాలుగు స్ట్రోకుల ఇంజనులో రెండు చుట్లకు ఒకసారే శక్తి వచ్చినా, పీల్చడం, నొక్కడం, మండడం, వదలడం అనే పనులు వేరువేరుగా జరుగుతాయి. కనుక ఇంధనం వృథా తక్కువ. 1960 తరువాత కొనుగోలుదారులు రెండు స్ట్రోకుల కార్లకు దూరమైనారు. 1964 చివర నుండి దశలవారీగా సంస్థను కొనుక్కొన్న ఫోక్స్‌వాగన్ యాజమాన్యంలో, 1965లో నాలుగు స్ట్రోకుల ఇంజను గల కొత్త కారు వచ్చింది. డి.కె.డబ్ల్యు. అంటే జనానికి పొగ గుర్తుకు వస్తుంది గనుక, కొత్త ఇంజనుకు ఆ పేరు పనికిరాదు. పాత పెట్టె తెరచి ఔడి పేరును బయటకు తీశారు. 1969లో ఎన్.ఎస్.యు. కంపెనీ ఇందులో కలిసింది. 1985లో సంస్థ పేరే ఔడి అయింది.

ఈ పునర్జన్మను చూడడానికి హోర్ష్ లేడు. 1951 ఫిబ్రవరి 3న, 82 సంవత్సరాల వయస్సులో, అతడు మరణించాడు. అతడు కోల్పోయిన పేరు గల కార్లు ఆ తరువాత రోడ్ల మీద అరుదైనవి. బడిలో నేర్చిన లాటిన్ విధిరూపంతో ఒక బాలుడు సూచించిన పేరు మాత్రం ఖండాంతరాలకు వ్యాపించింది. జ్వికావ్‌లోని పాత ఔడి కర్మాగార స్థలంలో నేడు ఒక మోటారు కార్ల ప్రదర్శనశాల ఉన్నది. దాని ద్వారం మీద, ఏ కోర్టు అభ్యంతరమూ లేకుండా, ఔగుస్ట్ హోర్ష్ పేరే కనిపిస్తుంది.