దీపా ధన్‌రాజ్: సరిహద్దులు దాటిన డాక్యుమెంటరీ ప్రయాణం

బెంగళూరు కేంద్రంగా పనిచేస్తున్న దీపా ధన్‌రాజ్ దర్శకురాలు, నిర్మాత, స్త్రీవాద కార్యకర్త. నాలుగు దశాబ్దాలకు పైగా డాక్యుమెంటరీలు తీస్తున్నారు. మనవాళ్లు స్థిరపడిన మహారాష్ట్ర, కర్ణాటక, తమిళనాడులతో పాటు హైదరాబాద్ కూడా ఆమె చిత్రాల్లో కనిపిస్తుంది. అందుకే ఆమెను మా పాఠకులకు పరిచయం చేస్తున్నాం.

యుగాంతర్

1980లో అభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్‌రోజ్ కాంట్రాక్టర్‌లతో కలిసి ఆమె 'యుగాంతర్' బృందాన్ని ఏర్పాటు చేశారు. ఈ బృందం మొత్తం నాలుగు చిత్రాలు తీసింది. 'మోల్కరిణ్' (1981) పుణె ఇళ్లలో పనిచేసే మహిళలు సంఘటితమైన కథ. 'తంబాకు చాకిలా ఊబ్ ఆలీ' (1982) కర్ణాటక సరిహద్దు పట్టణం నిపాణిలో పొగాకు కార్మికురాళ్ల పోరాటం. 'సుదేశ' (1983) చిప్కో ఉద్యమంలో పాల్గొన్న ఒక మహిళ గురించి.

నాలుగోది తెలుగు చిత్రం 'ఇది కథ మాత్రమేనా?' (1983). ఇంట్లో భార్య భరించే హింసపై, హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి చర్చించుకుంటూ తీశారు. మిగతావాటిలా డాక్యుమెంటరీ కాదు, కల్పిత కథ. నాలుగు గోడల మధ్య జరిగే హింసకు సాక్షులుండరు. దాన్ని చూపడానికి కథే దారి. ఆ కథ ఎంతమంది ఇళ్లలో నిజమో పేరులోని ప్రశ్నే అడుగుతుంది.

తర్వాతి చిత్రాలు

'క్యా హువా ఇస్ షహర్ కో?' (1986) హైదరాబాద్‌లో 1984 నాటి మత ఘర్షణల మూలాలను వెతికింది. 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' (1991) కుటుంబ నియంత్రణ పేరుతో పేద స్త్రీలపై సాగిన ఒత్తిడిని బయటపెట్టింది. పౌరహక్కుల న్యాయవాది కె.జి. కన్నబిరాన్‌పై 'ది అడ్వొకేట్' తీశారు. 'ఇన్‌వోకింగ్ జస్టిస్' (2011) తమిళనాడులో ముస్లిం మహిళలు నడిపే జమాత్‌ను చూపింది. 2016లో మరణించిన పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల, ఆ తర్వాత లేచిన విద్యార్థి ఉద్యమం 'వి హావ్ నాట్ కమ్ హియర్ టు డై' (2018)కి ఇతివృత్తం.

ఎన్నో బాధ్యతలు

యుగాంతర్ పద్ధతిలో దర్శకత్వం ఒక భాగం మాత్రమే. ముందు మహిళలతో కూర్చుని మాట్లాడటం, వారితో కలిసి సన్నివేశాలు ఆలోచించడం, చివరికి చిత్రాన్ని సంఘాల మధ్య ప్రదర్శించి చర్చ నడపడం, అన్నీ ఆ బృందం పనులే. తర్వాత దీప, నవ్‌రోజ్ సొంత నిర్మాణ సంస్థ నడిపారు. ఆయన 2023లో రోడ్డు ప్రమాదంలో మరణించారు.

యుగాంతర్ చిత్రాలు డిజిటల్ రూపంలో పునరుద్ధరణకు నోచుకున్నాయి. కాబట్టి నలభై ఏళ్ల నాటి ఆ తెలుగు చిత్రాన్ని నేటి తరమూ చూడగలదు. మన సంఘాల్లో ఒక సాయంత్రం దాన్ని ప్రదర్శించి, తర్వాత ఆడవాళ్లను మాట్లాడనివ్వాలని మా మనవి.