కత్తెర పట్టిన ఖాద్రీ

దేశభక్తి రుజువు చేసుకోమని మనల్ని అడిగిన ప్రతిసారీ నాకు ఒక సినిమా టైటిళ్లు గుర్తొస్తాయి. 'మదర్ ఇండియా', 1957. నిర్మాత, దర్శకుడు మెహబూబ్ ఖాన్. తల్లి పాత్రలో నర్గీస్, అసలు పేరు ఫాతిమా రషీద్. మాటలు వజాహత్ మీర్జా, అలీ రజా. పాటలు షకీల్ బదాయూనీ. సంగీతం నౌషాద్. ఎడిటింగ్ షంషుద్దీన్ ఖాద్రీ. భారతమాత పేరు పెట్టుకున్న సినిమా వెనక ఇంతమంది తురకలున్నారు. కెమెరా పట్టిన ఫరేదూన్ ఇరానీ పార్సీ. కొడుకులుగా వేసిన సునీల్ దత్, రాజేంద్రకుమార్ పశ్చిమ పంజాబులో ఇల్లూ వాకిలీ వదిలి వచ్చినవాళ్లు. ఇది కూడా చెప్పాలి. లేకపోతే మనమూ తలలు లెక్కపెట్టేవాళ్లమే అవుతాం.

వీళ్లందరిలో ఎవరికీ గుర్తులేనివాడు ఖాద్రీ. 'అందాజ్' (1949), 'ఆన్' (1952) కూర్చింది కూడా ఆయనే. మెహబూబ్ గురించి పుస్తకాలొచ్చాయి, నౌషాద్ పాటలు ఇంటింటా మోగాయి. ఖాద్రీకి మిగిలింది టైటిళ్లలో ఒక పేరు. ఎడిటర్ పని దర్జీ పనిలాంటిది. మన గల్లీల్లో దర్జీ కుట్టిన షేర్వానీ తొడుక్కున్న పెళ్లికొడుకునే అందరూ చూస్తారు. కుట్టు కనిపించిందంటే దర్జీకి పని రాదన్నట్టే.

ఆ రోజుల్లో ఈ పని చేతులతో జరిగేది. 35 ఎంఎం ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. 172 నిమిషాల 'మదర్ ఇండియా' అంటే దాదాపు పదిహేనున్నర వేల అడుగులు. తీసింది అంతకు ఎన్నో రెట్లు. అందులోంచి ఏ ముక్క ఎక్కడ మొదలవ్వాలో, ఎక్కడ ఆగాలో చూసి, కత్తిరించి, అతికించాలి. నెగటివ్ మీద తప్పు కోత పడితే పోయిన ఫ్రేము తిరిగి రాదు.

సినిమా మొదట్లో కాలువ ప్రారంభోత్సవం. ముసలి రాధ మెడలో పూలదండ వేస్తారు. ఆమె పూల వాసన చూస్తుంది. అంతే, మనం ఆమె పెళ్లిలో ఉంటాం. ఒక జీవితకాలాన్ని ఆ ఒక్క అతుకు దాటించింది. కథంతా ఆ ముసలామె జ్ఞాపకమని మనం మరిచిపోతాం. చివర కొడుకుని తన చేత్తోనే కాల్చాక మళ్లీ కాలువ దగ్గరికి వస్తాం. నీళ్లు ఎర్రగా పారతాయి.

ఇంకో దృశ్యం గురించి ఎక్కువ చెప్పాలి. వరద వచ్చి పంట పోయింది. ఊళ్లో జనం బండ్లు కట్టుకుని వెళ్లిపోతున్నారు. ఇల్లు విడిచి పోవద్దని రాధ పాటతో బతిమాలుతుంది. జనం వెనక్కి తిరుగుతారు. ఆ తర్వాత పొలంలో ఆ మనుషులు ఒక ఆకారంలో నిలబడి కనిపిస్తారు. అది అఖండ భారత పటం. దేశం రెండు ముక్కలై పదేళ్లయింది. మెహబూబ్ 'అన్మోల్ ఘడీ' (1946) నాయిక నూర్జహాన్ అప్పటికే పాకిస్తాన్ వెళ్లిపోయింది. మెహబూబ్ బొంబాయిలోనే ఉండి, 1954లో బాంద్రాలో స్టూడియో కట్టాడు. ఖాద్రీ కూడా బొంబాయిలోనే కత్తెర పట్టాడు. ఇళ్లు విడిచి పోవద్దన్న పిలుపునీ తెగని పటాన్నీ వాళ్లు పక్కపక్కన పెట్టారు. ఎవరిని ఉద్దేశించి అలా పెట్టారో మనకెవరూ విడమర్చి చెప్పక్కర్లేదు.

అలాంటి సినిమాకు కూడా సంజాయిషీ అడిగారు. పేరు కేథరిన్ మేయో 1927లో భారతీయుల్ని తక్కువ చేసి రాసిన పుస్తకానిది కావడంతో, 1955లో కేంద్ర ప్రభుత్వ శాఖలు స్క్రిప్టు పంపమన్నాయి. మెహబూబ్ స్క్రిప్టుతోపాటు ఉత్తరం రాశాడు: తన సినిమా ఆ పుస్తకానికి పూర్తిగా వ్యతిరేకమని. అనుమానం పేరు మీదేగాని మతం మీద కాదు కదా అంటారు. ఒప్పుకుంటాను. కాని సంజాయిషీలు రాసి రాసి అరిగిపోయిన ఇళ్లలో పుట్టినవాళ్లకు ఆ ఉత్తరం చప్పుడు వేరేగా వినిపిస్తుంది.

కోత అక్కడితో ఆగలేదు. విదేశాల కోసం సినిమాను 120 నిమిషాలకు తగ్గించారు. అంటే నాలుగున్నర వేల అడుగులకు పైగా పోయాయి. ఆస్కార్‌కు పంపిన ప్రతిలో మెహబూబ్ సంస్థ గుర్తు, సుత్తీ కొడవలీ, తీసేశారు. అయినా అది ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. ఈ దేశం నుంచి అలా వెళ్లిన మొదటి చిత్రం అదే.

తాపీ చాణక్య ఈ కథనే 'బంగారు తల్లి'గా తెలుగులో తీశాడు. రాధ పాత్ర జమున వేసింది. అది విడుదలైంది 1971లో. అదే ఏడాది డిసెంబరులో, ఖాద్రీ అతికించిన ఆ పటం మరోసారి తెగింది.