దారి తీసినవాళ్ళ లెక్క

మొన్న శనివారం పొద్దున దోసెలు పోస్తుంటే బేస్‌మెంట్‌లోంచి పెద్ద కేక వినిపించింది. పెనం మీద దోసె అలాగే వదిలేసి పరుగెత్తాను. మావాడు సోఫా ఎక్కి గంతులేస్తున్నాడు.

"అమ్మా! తొమ్మిది టచ్‌డౌన్లు! ఒక్క గేమ్‌లో! అన్నీ పరుగెత్తి చేసినవే!"

వీడియో గేమ్‌లోనండీ. ఈలోగా అక్కడ దోసె మాడిపోయింది.

కోపం దిగమింగుకుని, "నిజం ఆటలో ఎవరైనా ఇన్ని చేశార్రా?" అని అడిగాను. వాడు ఏదో చెప్పబోయి ఆగిపోయాడు. తెలియదు.

నేను ఆ మాట ఊరికే అడగలేదు. వాడు ఎనిమిదో క్లాసుకొచ్చాక ముచ్చటపడి స్కూల్ ఫుట్‌బాల్ టీమ్‌లో చేరాడు. కాస్త ఒళ్ళున్న పిల్లాడు కదా, తీసుకెళ్ళి లైన్‌లో పెట్టారు. లైన్ అంటే, బంతి ముట్టుకునే పని ఉండదు. ఎదుటి జట్టువాడిని అడ్డుకుని, వెనకాల బంతితో వచ్చేవాడికి దారివ్వాలి, అంతే. గీత దాటినవాడి పేరు మైకులో మోగుతుంది. మావాడి పేరు మూడు వారాలుగా ఒక్కసారి కూడా రాలేదు. "నన్నెవరూ చూడరమ్మా. మానేస్తాను" అంటున్నాడు. "మానేస్తే మానెయ్, కాస్త లెక్కలు చేసుకో" అన్నారు వాళ్ళ నాన్న. నేను మాత్రం ఏమీ చెప్పలేకపోయాను. ఎవరూ చూడని పని ఎలా ఉంటుందో నాకు వేరే ఎవరూ చెప్పక్కర్లేదు కదా.

ఆ రాత్రి గిన్నెలు సర్దేశాక వాడూ నేనూ కూర్చుని ఈ రికార్డుల చరిత్రంతా చదివాం. అందులో నాకు దొరికింది మీతో పంచుకోవాలనే ఇది రాస్తున్నాను.

ఆట తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. అమెరికన్ ఫుట్‌బాల్‌లో జట్టుకి పదకొండు మంది. మైదానం పొడవు 100 యార్డులు, అంటే మన గజాలే. బంతిని అవతలి గీత దాటిస్తే టచ్‌డౌన్, 6 పాయింట్లు. ఆ తర్వాత బంతిని తన్ని కంబాల మధ్య నుంచి పంపిస్తే ఇంకో పాయింటు. బంతిని విసిరితే పట్టుకుని గీత దాటడం ఒక రకం. చంకలో బిగించి, మనుషుల మధ్యలోంచి పరుగెత్తుకెళ్ళి దాటడం ఇంకో రకం. దీన్నే రషింగ్ టచ్‌డౌన్ అంటారు.

పెద్దవాళ్ళ లీగు ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఒక్క ఆటలో ఈ పరుగు టచ్‌డౌన్ల రికార్డు ఆరు. అది ఎప్పటిదో చూస్తే ఆశ్చర్యం వేసింది. 1929 నవంబర్ 28, థాంక్స్‌గివింగ్ రోజు. న్యూయార్క్ స్టాక్ మార్కెట్ కుప్పకూలి అప్పటికి నెల రోజులు. మేముండే చోటికి అరగంట దూరంలో, షికాగోలోని కొమిస్కీ పార్కులో, ఆ ఊరివే అయిన రెండు జట్లు, కార్డినల్స్, బేర్స్, తలపడ్డాయి. కార్డినల్స్ ఆటగాడు ఎర్నీ నెవర్స్ ఆరుసార్లు బంతితో గీత దాటాడు. అదనపు పాయింట్లు నాలుగు కూడా తనే తన్నాడు. ఆరార్లు ముప్ఫై ఆరు, నాలుగు కలిపితే నలభై. కార్డినల్స్ గెలిచింది 40-6 తేడాతో. అంటే జట్టు మొత్తం స్కోరూ ఒక్కడిదే! ఒకే ఆటలో ఒక మనిషి 40 పాయింట్లు చేసిన ఆ రికార్డు ఇవాళ్టికీ అలాగే ఉంది.

"ఒక్కడే గెలిపించేశాడు!" అన్నాడు మావాడు, కళ్ళు పెద్దవి చేసి.

అలాగే అనిపిస్తుంది. కానీ ఆ రోజు కార్డినల్స్ లైన్‌లో ఒకాయన ఉన్నాడు. పేరు ఫ్రెడ్ స్లేటర్, అందరూ డ్యూక్ స్లేటర్ అనేవారు. ఆయన ఆడింది మావాడి లాంటి స్థానమే, లైన్‌లో టాకిల్. ఆ ఏడాది లీగు మొత్తంలో నల్లజాతి ఆటగాడు ఆయనొక్కడే. నెవర్స్ పరుగుల్లో చాలా వాటికి దారి తీసింది ఆయనే.

స్లేటర్ చిన్నప్పటి కథ ఒకటి చెబుతారు. వాళ్ళ నాన్న చర్చి పాస్టర్, అంతంతమాత్రం సంపాదన. హైస్కూల్లో ఫుట్‌బాల్ ఆడతానంటే, బూట్లు గానీ హెల్మెట్ గానీ ఏదో ఒకటే కొనగలనన్నాడట. పిల్లాడి పాదాలేమో చాలా పెద్దవి, అరువు బూట్లు పట్టవు. అందుకని బూట్లే అడిగాడు. తలకి ఏమీ లేకుండానే ఆడాడు. ఆ అలవాటు అయోవా యూనివర్సిటీలో కూడా పోలేదు. 1921లో నోత్రదామ్ జట్టు మీద ఆడినప్పటి ఫోటో ఒకటుంది. అందరికీ హెల్మెట్లు, ఆయనొక్కడిదే బోడి తల. ఎదుటి జట్టువాళ్ళని ఒక్కడే తోసేసి, వెనక బంతితో వస్తున్నవాడికి దారి చేస్తుంటాడు.

ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఆడుతూనే లా చదివాడు. ఆట మానేశాక షికాగోలో లాయరయ్యాడు, 1948లో ఎన్నికల్లో గెలిచి జడ్జి అయ్యాడు. ఆయన రిటైరైన కొన్నేళ్ళకి, 1934 నుంచి 1945 దాకా, లీగులో నల్లజాతివాళ్ళు ఒక్కరు కూడా లేరు.

1963లో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ మొదలుపెట్టినప్పుడు మొట్టమొదటి జాబితాలోనే నెవర్స్ పేరుంది. స్లేటర్ పేరు ఎప్పుడు చేర్చారో తెలుసా? 2020లో. యాభై ఏడేళ్ళ తేడా. అప్పటికి ఆయన పోయి యాభై ఏళ్ళు దాటింది.

ఇది చదివి మావాడు కాసేపు ఏమీ మాట్లాడలేదు.

నెవర్స్ తర్వాత ఆరు టచ్‌డౌన్లు చేసినవాళ్ళు ఇద్దరున్నారు. 1951లో క్లీవ్‌లాండ్ ఆటగాడు డబ్ జోన్స్, 1965లో బురద మైదానంలో షికాగో కుర్రాడు గేల్ సేయర్స్. ఇద్దరికీ పరుగుతో వచ్చినవి నాలుగే, మిగతావి వేరే రకం. ఆరూ పరుగుతోనే చేసినవాడి కోసం 91 ఏళ్ళు ఆగాల్సి వచ్చింది. 2020 క్రిస్మస్ రోజున న్యూ ఓర్లీన్స్ ఆటగాడు ఆల్విన్ కమారా మిన్నెసోటా మీద ఆరు చేసి నెవర్స్‌తో సమమయ్యాడు. పండగ కదా అని ఒక కాలికి ఎర్ర బూటు, ఇంకో కాలికి ఆకుపచ్చ బూటు వేసుకున్నాడు. నిబంధనలకి విరుద్ధమని లీగు 5,000 డాలర్లు జరిమానా వేసింది. స్లేటర్ బూట్ల కథ చదివిన వెంటనే ఈ బూట్ల కథ చదివి, అమ్మాకొడుకులం పడీపడీ నవ్వాం.

ఇక వీడియో గేముల సంగతి. 1989లో ఇళ్ళల్లోకి వచ్చిన టెక్మో బౌల్ అనే ఆటలో బో జాక్సన్ అనే పరుగువీరుడి బొమ్మ ఉండేది. దాన్ని పట్టుకోవడం ఎవరి వల్లా అయ్యేది కాదు, ఆడినవాళ్ళు ఇప్పటికీ కథలుగా చెప్పుకుంటారు. తర్వాతి ఆట టెక్మో సూపర్ బౌల్ 1991 డిసెంబర్‌లో వచ్చింది. అందులోనూ ఆ బొమ్మకి తిరుగులేదు. కానీ అసలు జాక్సన్‌కి ఆ ఏడాది జనవరిలోనే తుంటికి దెబ్బ తగిలింది. మళ్ళీ ఫుట్‌బాల్ ఆడలేదు. బొమ్మ మాత్రం అలసట లేకుండా పరుగెత్తుతూనే ఉంది. ఆ తుంటి నొప్పి బొమ్మకేం తెలుస్తుంది?

మావాడు ఆడేది మాడెన్ ఆట. అది జాన్ మాడెన్ అనే కోచ్ పేరు మీద 1988లో మొదలైంది. అప్పటి కంప్యూటర్ల శక్తి తక్కువ కాబట్టి జట్టుకి ఆరేడుగురు చాలనుకున్నారట తయారుచేసేవాళ్ళు. మాడెన్ ఒప్పుకోలేదు. పదకొండు మంది ఉంటేనే నా పేరు పెట్టండి, లేకపోతే అది ఫుట్‌బాలే కాదు అని పట్టుబట్టాడు. ఆట ఆలస్యమైనా సరే, పదకొండు మందితోనే వచ్చింది. ఆరేడుగురే ఉంటే ముందు ఎవరు పోతారు చెప్పండి? లైన్‌లోవాళ్ళే! అంతగా ఎందుకు పట్టుబట్టాడా అని వెతికితే తెలిసింది. కాలేజీలో ఆయన ఆడింది లైన్‌లోనే, టాకిల్‌గా.

చివరిగా, నాకు అందరికంటే నచ్చిన మనిషి గురించి. కాలేజీ ఆటల్లో పెద్ద జట్ల స్థాయిలో ఈ రికార్డు ఎనిమిది. 1990 సెప్టెంబర్ 22న మా ఇల్లినాయ్ యూనివర్సిటీ కుర్రాడు హోవర్డ్ గ్రిఫిత్ సదరన్ ఇల్లినాయ్ మీద ఎనిమిదిసార్లు గీత దాటాడు. ముప్ఫై ఏళ్ళ తర్వాత, 2020 నవంబర్ 28న, బఫెలో యూనివర్సిటీ ఆటగాడు జారెట్ ప్యాటర్సన్ కూడా ఎనిమిది చేశాడు. నెవర్స్ ఆరు చేసిన తారీఖే అది! ఆ రోజు 409 గజాలు పరుగెత్తాడు. ఇంకో 18 గజాలు పరుగెత్తితే ఆ రికార్డుకి కూడా సమమయ్యేవాడే, కానీ గెలుపు ఖాయమైందని బయట కూర్చోబెట్టారు. కోచ్‌కి అసలు ఆ లెక్కే తెలియదట.

మళ్ళీ గ్రిఫిత్ దగ్గరికి వస్తాను. కాలేజీలో ఒక్క రోజే ఎనిమిది చేసిన మనిషి ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఏం చేశాడనుకున్నారు? దారి తీశాడు. 1997లో డెన్వర్ జట్టులో చేరాడు. బంతి టెర్రెల్ డేవిస్ చేతిలో, అతని ముందు పరుగెత్తి అడ్డొచ్చినవాళ్ళని గుద్దుకునే పని గ్రిఫిత్‌ది. 1998 జనవరిలో సూపర్ బౌల్. మధ్యలో డేవిస్‌కి మైగ్రేన్ వచ్చి కళ్ళు సరిగ్గా కనపడక కొంతసేపు బయట కూర్చోవాల్సి వచ్చింది. అయినా మూడు పరుగు టచ్‌డౌన్లు చేసి, ఆ పోటీలో కొత్త రికార్డు పెట్టి, ఉత్తమ ఆటగాడి బహుమతి అందుకున్నాడు. తర్వాతి సీజన్‌లో 2,008 గజాలు పరుగెత్తాడు. ఆ గజాల్లో గ్రిఫిత్ భుజాల నొప్పి ఎంతుందో ఏ పట్టికలోనూ ఉండదు.

"ఎనిమిది చేసినవాడికి బ్లాక్ చెయ్యమంటే కోపం రాలేదా అమ్మా?" అని అడిగాడు మావాడు.

ఏం చెప్పను? మా అమ్మమ్మ ఊళ్ళో ఆవకాయకి పేరుమోసింది. ఏటా రెండు వందల కాయలు కత్తిపీట ముందు కూర్చుని ముక్కలు కొట్టింది మాత్రం మా పెద్దమ్మ. అమ్మమ్మ పేరు చెప్పుకుని తిన్నవాళ్ళే అందరూ. పెద్దమ్మకి కోపం వచ్చేదేమో, నేనెప్పుడూ అడగలేదు. అదే చెప్పాను వాడికి. "వచ్చే ఉంటుంది నాన్నా. కోపం రావడంలో తప్పేముంది?" అన్నాను.

గురువారం వాడి ఆటకి వెళ్ళాను. ఈసారి బంతి ఎటు పోతోందో చూడలేదు. వాడి చొక్కా మీది నంబరునే చూస్తూ కూర్చున్నాను. రెండో సగంలో ఎదుటి పిల్లాడిని పక్కకి నెట్టుకుంటూ మూడు నాలుగు గజాలు తీసుకెళ్ళాడు. ఆ ఖాళీలోంచి వాళ్ళ జట్టు కుర్రాడొకడు బాణంలా దూసుకుపోయి గీత దాటాడు. మైకులో ఆ కుర్రాడి పేరే చెప్పారు. కానీ ఆ కుర్రాడు తిరిగొస్తూ నేరుగా మావాడి దగ్గరికెళ్ళి హెల్మెట్ మీద అరచేత్తో గట్టిగా చరిచాడు.

ఇంటికొచ్చాక, "మానేస్తావా మరి?" అని అడిగాను.

"సీజన్ అయ్యేదాకా ఆడతాలే. తర్వాత చూద్దాం" అన్నాడు.

మర్నాడు పొద్దున ఫోన్‌లో పెద్దమ్మకి వీడియో కాల్ చేశాను. డెబ్భై ఎనిమిదేళ్ళావిడ, ఆవకాయ ముక్కలు ఎలా కొట్టాలో అరగంట చెప్పింది.