మేక కళ్ళు

రాజుకు ఆఖరి ఘడియలు. మాట మాత్రం ఇంకా పడిపోలేదు. మంత్రి తిమ్మరుసును దగ్గరికి పిలిచాడు. వాడి కళ్ళు తీయించమన్నాడు.

వాడంటే పగవాడు కాదు. సవతి తమ్ముడు కృష్ణరాయలు.

1509. విజయనగరం. వీర నరసింహరాయలకు ఎనిమిదేళ్ళ కొడుకున్నాడు. ఆ పసివాడు గద్దె ఎక్కాలంటే ఇరవై దాటిన తమ్ముడు అడ్డు. చంపక్కర్లేదు. గుడ్డివాణ్ణి చేస్తే చాలు, ఎవరూ రాజును చెయ్యరు. తిమ్మరుసు తల వంచుకుని బయటికొచ్చాడు. కృష్ణరాయలకు కబురు పెట్టాడు. రమ్మన్నది సభకు కాదు.

గుర్రపుశాలకు.

లద్దె వాసన. ఎండుగడ్డి. గిట్టల చప్పుడు. ఆ చప్పుడు చాటున తిమ్మరుసు అన్నగారి ఆజ్ఞ చెప్పేశాడు. కృష్ణరాయలు కత్తి దుయ్యలేదు. రాజ్యం నాకొద్దన్నాడు, హక్కుగా వచ్చినా వద్దన్నాడు, జోగిలా తిరుగుతూ ఎక్కడో బతికేస్తానన్నాడు, కళ్ళు పోగొట్టుకునేంత తప్పు అన్నకు నేనేం చేశానన్నాడు, వీటిని మాత్రం వదిలెయ్యమన్నాడు. తిమ్మరుసు అతణ్ణి ఎగాదిగా చూశాడు. అక్కడ ఎనిమిదేళ్ళ పిల్లవాడు. ఇక్కడ ఈ యువకుడు. రాజ్యం ఎవరి చేతిలో నిలుస్తుంది? పనివాళ్ళ వైపు తిరిగాడు.

ఓ మేకను పట్టుకురమ్మన్నాడు.

కాసేపటికి రాజు మంచం దగ్గరికి రెండు కళ్ళు వచ్చాయి. రాజు చూశాడు. నమ్మాడు. పోయాడు. కృష్ణరాయలు గద్దె ఎక్కాడు. తిమ్మరుసు ఆయనకు అప్పాజీ అయ్యాడు. తెలుగువాళ్ళు ఇప్పటికీ ఆ మంత్రిని అలాగే తలుచుకుంటారు. కానీ ఆ గద్దె చరిత్ర మంచిది కాదు.

అంతకుముందు ఏలిన విరూపాక్షరాయల్ని సొంత పెద్దకొడుకే చంపాడు. తండ్రిని చంపిన చేత్తో రాజ్యం పుచ్చుకోలేనని తమ్ముడికిచ్చాడు. ఆ తమ్ముడు అన్నను చంపించాడు. 1485లో సాళువ నరసింహుడి సేన కోటలోకి వచ్చేసరికి ఆ తమ్ముడు రాణుల్నీ ధనాన్నీ వదిలేసి తోటలోంచి పారిపోయాడు. గద్దె ఎక్కిన సాళువ నరసింహుడు పోతూ పోతూ తన ఇద్దరు కొడుకుల్ని తుళువ నరసనాయకుడి చేతిలో పెట్టాడు. ఇద్దరూ హత్యకు గురయ్యారు. 1505కల్లా గద్దె తుళువ ఇంటికి, అంటే వీర నరసింహరాయల ఇంటికి చేరింది. ఇదంతా రాసిపెట్టినవాడు పోర్చుగీసు గుర్రాల వర్తకుడు ఫెర్నావ్ నూనిజ్. 1535 ప్రాంతంలో విజయనగరంలోనే ఉన్నాడు. ఆ తర్వాత జరిగిందీ అతనే రాశాడు.

1524. రాయల కొడుకు తిరుమలరాయలికి ఆరేళ్ళు. తన కళ్ళముందే కొడుకు రాజు కావాలి. రాయలు కిరీటం తీసి పసివాడి తలమీద పెట్టి, తానే మంత్రిగా కిందికి దిగి, కన్నకొడుక్కి వంగి దండం పెట్టి, తిమ్మరుసును సలహాదారుగా నిలబెట్టి, తిమ్మరుసు కొడుక్కి పెద్ద పదవి కట్టబెట్టి, నగరమంతా ఎనిమిది నెలలపాటు ఉత్సవాలు జరిపించాడు. ఉత్సవాలు ఇంకా ముగియలేదు.

పసివాడు మంచం పట్టాడు. లేవలేదు.

జబ్బు అన్నారు. ఆ తర్వాత రాయల చెవిలో ఇంకో మాట పడింది. విషం. పెట్టింది తిమ్మరుసు కొడుకు. రాయలు నమ్మాడు. తండ్రినీ కొడుకునీ, తిమ్మరుసు తమ్ముణ్ణీ, చుట్టాలైన నాయకులందరినీ కొలువుకు పిలిపించాడు. అందరిముందూ నోరు విప్పాడు. రాజ్యం నువ్విచ్చిందే, అయినా నీకు నేను రుణపడిలేనన్నాడు. నీ ప్రభువు నా కళ్ళు తీయమంటే మేక కళ్ళు చూపించి మోసం చేశావు, ఆనాడే నువ్వు ద్రోహివన్నాడు.

తనను కాపాడినందుకే నేరస్థుణ్ణి చేశాడు. లేచి తన చేతులతోనే పట్టుకున్నాడు. గుర్రాలతో వచ్చి ఉన్న పోర్చుగీసువాళ్ళను సాయానికి కేకేశాడు. మూడేళ్ళు చెరసాల.

గ్రీకు పురాణంలో మైసీనీ రాజవంశానిదీ ఇలాంటి కథే. అట్రియస్ తమ్ముడి పిల్లల్ని చంపి, ఆ మాంసం తమ్ముడికే వడ్డించాడు. అట్రియస్ కొడుకు ఆగమెమ్నాన్‌ను భార్య చంపింది. ఆమెను కన్నకొడుకు ఒరెస్టిస్ చంపాడు. శాపం అన్నారు. ఆ శాపం ఏథెన్స్‌లో ఆగింది. అథీనా దేవత న్యాయసభ కూర్చోబెట్టింది. రెండు పక్షాల మాటా విన్నారు. ఓట్లు వేశారు. ఒరెస్టిస్‌ను వదిలేశారు. తిమ్మరుసు కథలో అలాంటి సభ లేదు. నేరం మోపింది రాజే. తీర్పు చెప్పిందీ రాజే.

ఇంతలో తిమ్మరుసు కొడుకు చెరసాల తప్పించుకున్నాడు. దొంగలు తిరిగే కొండల్లో ఓ చుట్టం కోట ఉంది. అక్కడికి చేరి రాయలమీదే కత్తి ఎత్తాడు. సేన కదిలింది. పట్టుబడ్డాడు. రాయలు తండ్రినీ అయినవాళ్ళనీ కూడా చెరనుంచి వధ్యస్థలానికి రప్పించాడు. వాళ్ళు బ్రాహ్మణులు. ఆ దేశంలో బ్రాహ్మణుల ప్రాణం తియ్యరు.

కళ్ళు తీశారు. అందరివీ. ఈసారి మేక రాలేదు.

మళ్ళీ చెరసాల. కొడుకు అక్కడే పోయాడు. గుడ్డివాడైన తిమ్మరుసు మిగిలాడు. 1529లో రాయలూ పోయాడు. పూర్వీకులందర్నీ తీసుకెళ్ళిన గజ్జల నొప్పే ఆయన్నీ తీసుకెళ్ళిందని నూనిజ్ రాశాడు. చంద్రగిరి కోటనుంచి వచ్చిన సవతి తమ్ముడు అచ్యుతరాయలు గద్దె ఎక్కాడు. 1542లో ఆయనా పోయాడు. వారసుడు మళ్ళీ ఓ పసివాడే. వెంకటరాయలు. కాపాడాల్సిన మేనమామ సలకరాజు తిరుమలయ్యే ఆ పిల్లవాణ్ణి చంపించాడు.

ఈ హత్యకూ విచారణ లేదు. కత్తే తీర్పు చెప్పింది. తిరుమలయ్యను చంపి, కృష్ణరాయల అల్లుడు అళియ రామరాయలు సదాశివరాయల్ని గద్దె మీద కూర్చోబెట్టాడు, ఏలింది మాత్రం తానే. దీన్ని శాపం అనేస్తే తప్పు ఎవరిదీ కాకుండా పోతుంది. ప్రతిసారీ ఓ మనిషి అనుమానించాడు, ఓ మనిషి ఆజ్ఞ ఇచ్చాడు, మధ్యలో నిలబడి రెండు వైపులా వినేవాడు ఒక్కడూ లేడు. 1565 జనవరి 23న తళ్ళికోట యుద్ధంలో రామరాయల తల తెగింది. తమ్ముడు తిరుమలరాయలు సదాశివరాయల్నీ ఖజానానీ తీసుకుని పెనుకొండ దారి పట్టాడు. తరతరాలుగా రాజులు గద్దె కోసం ఒకరినొకరు చంపుకున్న నగరాన్ని, ఆ రోజు కాపాడడానికి ఏ రాజూ అక్కడ లేడు.