సంపాదకుడు దర్శకుడైతే: గూడవల్లి రామబ్రహ్మం

గూడవల్లి రామబ్రహ్మాన్ని సంఘసంస్కర్త అని పొగిడి ఊరుకోవడం మనకు అలవాటైపోయింది. రచయితలకు ఆ పొగడ్తకంటె ఆయన పనిచేసిన పద్ధతి ముఖ్యమని నేననుకుంటాను. మద్రాసులో ‘ప్రజామిత్ర’ వారపత్రిక నడిపిన ఈ మనిషి దర్శకుడైన తరువాత కూడా సంపాదకుడుగానే ఉండిపోయాడు.

‘మాలపిల్ల’ (1938)కు ఆయన ఎవరెవరిని సమకూర్చుకొన్నాడో చూడండి. కథ చలానిది. మాటలు తాపీ ధర్మారావువి. పాటల్లో కొన్ని బసవరాజు అప్పారావువి. ఆ కవి 1933లోనే కన్నుమూశాడు. పౌరాణిక నాటకాలు, పద్యాలు రాజ్యమేలుతున్న రోజుల్లో గతించిన భావకవి గేయాలను వెతికి తెచ్చుకొన్నాడంటే, ఈయనకు కావలసింది సందర్భానికి పాట అల్లేవాడు కాదు, కవిత్వం. మంచి సంచికకు రచనలు ఏరినట్టే ఏరాడు. తాపీవారి వాడుకభాష తెరమీద చెల్లుబాటైందీ ఇక్కడే.

అయినా మాలపిల్లను నేను పూర్తిగా ఒప్పుకోలేను. మాలలు తన భార్యను మంటల్లోంచి కాపాడిన తరువాతగాని పూజారి సుందరరామశాస్త్రి మనసు మారదు. గుడిలోకి వెళ్ళే హక్కు కాస్తా ఉపకారానికి ప్రత్యుపకారమైపోయింది.

‘రైతుబిడ్డ’ (1939)లో ఈ మెత్తదనం తక్కువ. బళ్ళారి రాఘవ పోషించిన చిన్నరైతుకు వచ్చిన కష్టాలన్నీ ఓటు దగ్గర మొదలవుతాయి: జమీందారు మనిషికి వేయక రైతుల అభ్యర్థికి వేశాడు. ఇది కల్పన అనడానికి వీల్లేదు. మద్రాసు రాష్ట్ర ప్రధానిగా పనిచేసిన బొబ్బిలి రాజా 1937 ఎన్నికల్లో వి.వి. గిరి చేతిలో ఓడిపోయి అప్పటికి రెండున్నరేళ్ళు. బొబ్బిలి, వెంకటగిరి జమీందారులు చిత్రంమీద విరుచుకుపడ్డారంటే ఆశ్చర్యమేముంది? ప్రభుత్వం చిత్రాన్ని నిషేధించింది. తీసిన సారథి ఫిలింస్ వెనుక ఉన్నవారూ జమీందారే, చల్లపల్లి యార్లగడ్డ శివరామప్రసాద్. ఈ వైరుధ్యాన్ని దాచి గూడవల్లిని ఆకాశానికెత్తనక్కరలేదు, దీన్నే పట్టుకొని ఆయన్ను తీసిపారేయనూ అక్కరలేదు. జమీందారు సొమ్ముతో జమీందారీమీద చిత్రం తీయించగలిగాడు. ఒక్కసారి. కొసరాజును పాటకూ, గోపీచంద్‌ను సినిమా రచనకూ తెచ్చింది కూడా ఆ చిత్రమే.

ఆ దెబ్బ తరువాత దారి మారింది. ‘ఇల్లాలు’ (1940), కణ్ణగి కథతో ‘పత్ని’ (1942), ‘పంతులమ్మ’ (1943), చివరికి కాంభోజరాజు కథ ‘మాయాలోకం’ (1945). వీటిలో పనితనం ఉంది, పాత తెగువ లేదు.

ఆ పైన చేపట్టింది ‘పల్నాటి యుద్ధం’. చాపకూడు పెట్టిన బ్రహ్మనాయుడు, మాల కన్నమదాసు ఉన్న కథ. మాలపిల్ల తీసినవాడు ఊరికే ఆ కథకు వచ్చాడని నేను నమ్మను. దాన్ని ఎలా ముగించేవాడో ఊహించడమే మనకు మిగిలింది. 1946 అక్టోబరులో, చిత్రం సగంలో ఉండగా, నలభై నాలుగేళ్ళకే ఆయన చనిపోయాడు. ఎల్.వి. ప్రసాద్ పూర్తిచేయగా 1947లో విడుదలైంది.