కిమోనో కట్టు ఎవరు ఎవరికి నేర్పారు

క్యోటోకి వచ్చే యాత్రికుల కార్యక్రమంలో గుళ్ళు, తోటలతో పాటు ఇప్పుడు ఒక పాఠం కూడా ఉంటోంది. ఒకచోట కిమోనో కట్టుకోవడం నేర్పుతారు. మరోచోట స్టెన్సిల్ పెట్టి చేతిరుమాలు మీద యూజెన్ అద్దకం వేయిస్తారు. నిషిజిన్ పేటలో చిన్న మగ్గం ముందు కూర్చోబెట్టి జానెడు గుడ్డ నేయిస్తారు. గంటా రెండు గంటల్లో అంతా అయిపోతుంది, ఫోటోలు మిగులుతాయి. ఇది చూసి పెదవి విరిచేవాళ్ళు జపాన్‌లోనూ ఉన్నారు, బయటా ఉన్నారు. తల్లి నుంచి కూతురికి, గురువు నుంచి శిష్యుడికి ఏళ్ళ తరబడి అందాల్సిన విద్యని టికెట్టు పెట్టి అమ్ముతున్నారన్నది వాళ్ళ బాధ. యాత్రికుడు రాకముందు ఈ విద్య ఇళ్ళలో, కార్ఖానాల్లో చెక్కుచెదరకుండా ఉండేదన్న నమ్మకం ఆ బాధకి ఆధారం. చరిత్ర తిరగేస్తే ఆ నమ్మకం నిలవదు. కిమోనోని పాఠంగా మార్చుకున్నది జపాన్ వాళ్ళే, తమ అవసరం కోసమే. యాత్రికుడు ఆ తరగతిలోకి ఆలస్యంగా వచ్చి చివరి బెంచీలో కూర్చున్నవాడు.

1872లో జపాన్ ప్రభుత్వం అధికారిక వేడుకలకు పాశ్చాత్య దుస్తుల్ని ఖాయం చేసింది. సైన్యంలో, పోలీసుల్లో, తర్వాత ఆఫీసుల్లో మగవాళ్ళ వేషం ఆ దారినే మారింది. ఆడవాళ్ళ సంగతి వేరు. 1925లో కోన్ వాజిరో అనే పరిశోధకుడు టోక్యో గింజా వీధిలో నిలబడి వచ్చేపోయేవాళ్ళ దుస్తుల్ని లెక్కవేయించాడు. మగవాళ్ళలో నూటికి 67 మంది పాశ్చాత్య దుస్తుల్లో ఉన్నారు. ఆడవాళ్ళలో నూటికి 99 మంది కిమోనోలోనే ఉన్నారు. దేశం మొత్తంలో ఫ్యాషన్‌కి పేరుపడ్డ వీధిలో పరిస్థితి అది. అలాంటి దేశంలో నలభై ఏళ్ళు తిరక్కముందే కిమోనో కట్టుకోవడం నేర్పే బడులు తెరవాల్సి వచ్చింది. మధ్యలో యుద్ధం వచ్చింది. 1940 జూలైలో విలాస వస్తువుల తయారీ మీద, అమ్మకం మీద ఆంక్షలు పెట్టారు. ఖరీదైన పట్టు నేసే మగ్గాలు మూలపడ్డాయి, ఆడవాళ్ళు పల్లెల్లో పొలం పనికి వేసుకునే మొంపె అనే వదులు పైజమాల్లోకి మారారు. ఓడిపోయాక వచ్చిన ఆకలి రోజుల్లో పట్నం ఇల్లాళ్ళు పెట్టెల్లోని కిమోనోలు ఒక్కొక్కటే మోసుకెళ్ళి పల్లెల్లో తిండిగింజలకి మార్చుకున్నారు. వెదురు మొలక పొరలు ఒలిచినట్టు బతుకుతున్నామని అప్పట్లో చెప్పుకునేవారు. తర్వాత పదేళ్ళూ పడుచుపిల్లలు ఎగబడింది గౌన్లు కుట్టడం నేర్పే బడులకే. 1960ల్లో డబ్బు తిరిగొచ్చి పెళ్ళికీ, ఇరవయ్యేళ్ళు నిండిన పండక్కీ పట్టు కిమోనో కొనే స్తోమత వచ్చేసరికి, కొన్నదాన్ని కట్టడం చాలామందికి చేతకాలేదు. 1964లో యమనక నోరియో సోదో కిమోనో బడి పెట్టింది ఈ ఖాళీలోనే. ఆ తరహా బడులు దేశమంతా పుట్టుకొచ్చాయి. ఫీజులు, మెట్టుమెట్టుకీ సర్టిఫికెట్లు, పై మెట్టు ఎక్కినవాళ్ళకి ఇంకొకరికి నేర్పే అర్హత: టీ సంప్రదాయం, పూల అలంకరణ నేర్పేవాళ్ళు ఎప్పటి నుంచో నడుపుతున్న పద్ధతే ఇది. అంటే డబ్బు కట్టి, తరగతిలో కూర్చుని, వరసక్రమంలో కిమోనో నేర్చుకున్న మొదటి విద్యార్థులు జపాన్ ఆడవాళ్ళే.

పోనీ ఆ బడుల్లో నేర్పింది అమ్మమ్మల నాటి కట్టేనా అంటే, అదీ పూర్తిగా నిజం కాదు. ఎడమ పక్క పైకి, కుడి పక్క లోపలికి అన్న నియమం ఒక్కటి మాత్రం నిజంగా పాతది. 719లో రాజాజ్ఞగా వచ్చింది. శవానికి మాత్రం తిరగేసి కడతారు కాబట్టి, ఏ యాత్రికుల తరగతిలోనైనా ముందుగా చెప్పే జాగ్రత్త అదే. మిగతావాటి వయసు చాలా తక్కువ. షోగున్‌లనే సేనాధిపతులు ఏలిన ఎడో కాలంలో కలిగినింటి ఆడవాళ్ళు ఇంట్లో ఉన్నంతసేపు అంచు నేల మీద జీరాడనిచ్చేవారు, బయటికి వెళ్ళేటప్పుడే పైకెత్తి కట్టేవారు. మిగిలిన గుడ్డని నడుము దగ్గర శాశ్వతంగా మడిచి ఉంచే ఒహషోరి ఆ తర్వాతి మెయిజీ కాలంలో స్థిరపడింది. ఓబి అనే నడికట్టుకి వెనక డబ్బాలా కనిపించే తైకో ముడి 19వ శతాబ్దపు ఎడో (నేటి టోక్యో) నగరపు గీషాల నుంచి వ్యాపించిందని చెబుతారు. బడులు ఈ రకరకాల కట్లలోంచి ఒకదాన్ని ఏరి ప్రమాణంగా నిలబెట్టాయి. నడుము వంపు కనపడకుండా తువ్వాళ్ళు చుట్టి ఒంటిని తిన్నగా స్తంభంలా చేయాలి. మెడ వెనక కాలరు పిడికిలి పట్టేంత వెనక్కి లాగాలి. ఒహషోరి ముడత లేకుండా, ఇంత వెడల్పనే కొలతకి రావాలి. యుద్ధానికి ముందు ఫోటోల్లో వంటపని మధ్య, బజారులో, పొలం గట్టున నిలబడ్డ ఆడవాళ్ళ కట్టు చూస్తే తేడా తెలుస్తుంది. కాలరు జారి, నడుము దగ్గర గుడ్డ ఉబ్బి, ఎవరి సౌకర్యం వాళ్ళదిగా ఉంటుంది. రోజూ కట్టుకునే బట్టకి కొలబద్ద అక్కర్లేదు. పండగలకి మాత్రమే బయటికి తీసే బట్టకే ఆ అవసరం వచ్చింది. ఇవాళ యాత్రికుడికి గంటలో నేర్పేది ఆ 1960ల పాఠ్యక్రమానికి సంక్షిప్త రూపం. సంక్షిప్తం చేశారని తప్పు పట్టవచ్చు గాని, అనాది విద్యని పాడుచేశారని అనడానికి లేదు.

అద్దకం కథ ఇంకా ఆసక్తికరంగా ఉంటుంది. 1683లో షోగునేట్ పట్నవాసుల బట్టల మీద బంగారు అల్లిక, కుట్టుపని, మరీ ఖరీదైన ముడి అద్దకం వాడకూడదని ఆంక్షలు పెట్టింది. కుట్టే వీల్లేనప్పుడు రంగుతోనే బొమ్మ పుట్టించే పద్ధతికి గిరాకీ వచ్చింది. క్యోటోలో చియోన్-ఇన్ గుడి దగ్గర విసనకర్రల మీద బొమ్మలు వేసే మియజాకి యూజెన్‌సాయ్ పేరు దానికి అతుక్కుంది. నీళ్ళలో మాయమయ్యే నీలిపూల రసంతో ముందు బొమ్మ గీస్తారు. జిగురు బియ్యప్పిండి ముద్దని శంకువు లాంటి గొట్టంలో నింపి ఆ గీతల మీద దారంలా పిండుతారు. ఆ గట్లు దాటకుండా లోపల రంగులు నింపుతారు. తర్వాత ఆవిరి పెట్టి, పారే నీళ్ళలో జిగురు కడిగేస్తారు. కమో నదిలో పొడుగాటి గుడ్డలు కడిగే దృశ్యం నీటి కాలుష్యం మీద కట్టుదిట్టాలు వచ్చాక ఆగిపోయింది. ఒక్కో పనికి ఒక్కో నిపుణుడు, గుడ్డని వాళ్ళందరి మధ్యా తిప్పే మధ్యవర్తి ఒకడు. కిమోనో మొత్తాన్ని ఒక్కడే అద్దడమన్నది క్యోటోలో మామూలు పద్ధతే కాదు. పైగా ఈ నమూనాలు గుట్టుగా దాచుకున్నవీ కావు. 1660ల నుంచే కొసోదె (నేటి కిమోనోకి పూర్వరూపం) నమూనాల పుస్తకాలు అచ్చయి అంగట్లో దొరికేవి, 1688లో యూజెన్ పేరుతోనే ఒకటి వచ్చింది. మెయిజీ తొలి దశాబ్దాల్లో హిరోసె జిసుకె రసాయన రంగుని నేరుగా జిగురులో కలిపి స్టెన్సిల్ మీదుగా పూసే పద్ధతిని కుదిర్చాడు. దాంతో ఒకే నమూనా పదుల తానుల మీదకి ఎక్కింది, యూజెన్ మధ్యతరగతి ఇళ్ళకి చేరింది.

యాత్రికుడి చేతికి వచ్చేది ఈ స్టెన్సిల్ కొమ్మే, అందులోనూ సులువైన కుంచె పని. ఈ పని చూడటానికి ఉన్నంత తేలిక కాదు. గుండ్రటి కుంచెని రంగులో ముంచాక, ముందు వేరే గుడ్డ మీద రుద్ది దాదాపు పొడిగా చేయాలి. తడి మిగిలితే రంగు స్టెన్సిల్ అంచు కిందకి పాకి రేకు చెదిరిపోతుంది. నొక్కకూడదు, చిన్న చిన్న వలయాలుగా తిప్పుతూ పోవాలి. నీడ కావాలంటే ఒక అంచు దగ్గర ఎక్కువ తిప్పాలి. ఒక రంగు అయ్యాక ఆ స్టెన్సిల్ తీసి, గుర్తుకి గుర్తు కలిపి తరవాతది పెట్టాలి. వెంట్రుకవాసి జరిగితే పూవుకీ ఆకుకీ మధ్య తెల్లటి సందు పడుతుంది. రెండు గంటల్లో అయిదారు స్టెన్సిళ్ళ రుమాలు ఒకటి పూర్తవుతుంది. ఈ కొమ్మ నకిలీదన్న ఆక్షేపణకి జవాబు పైన చెప్పిన చరిత్రలోనే ఉంది. నూట ముప్పై ఏళ్ళకి పైగా క్యోటో కార్ఖానాలకి కూడు పెట్టింది స్టెన్సిలే. స్టెన్సిళ్ళ కాగితమైతే ఇంకా పాతది. మల్బరీ జాతి చెట్టు నారతో చేసిన కాగితాన్ని పొరలుగా అంటించి, పచ్చి కాకి (పర్సిమన్) పండు రసం పట్టించి, సన్నటి కత్తులతో కోసే పని ఎడో కాలం నుంచీ ఇసె ప్రాంతంలోని షిరోకో, జికె ఊళ్ళది.

ఈ స్టెన్సిల్ కథకి మన తీరంతోనూ ఒక ముడి ఉంది. 17వ శతాబ్దం నుంచి డచ్చి కంపెనీ ఓడలు కోరమండల్ తీరపు అద్దకం బట్టల్ని జపాన్‌కి చేరవేశాయి. ఆ కంపెనీకి మచిలీపట్నంలోనూ కోఠీ ఉండేది, నాగసాకి దగ్గర దెజిమాలోనూ ఉండేది. జపాన్‌లో ఆ బట్టల్ని సరసా అన్నారు. టీ పాత్రలు చుట్టే సంచులకి, పై అంగీల లోపలి అస్తర్లకి ముక్కముక్కా దాచుకుని వాడారు. 1778లో ఆ నమూనాల మీద ఒక పుస్తకమే అచ్చయింది. కానీ చిరివేరు ఎరుపు, కరక్కాయ, పటిక కలిపి రంగుని నూలులోకి దింపే మన పనితనం వాళ్ళకి చిక్కలేదు. అందుకని సోయా రసంలో కలిపిన రంగుల్ని ఒకదాని మీద ఒకటి స్టెన్సిళ్ళతో పూసి తమ సరసాని తయారుచేసుకున్నారు. పరాయి విద్యని చేతనైనంత మేర, చేతనైన పనిముట్టుతో నేర్చుకోవడమే ఇది. దాన్ని ఇవాళ ఎవరూ నకిలీ అనరు, మ్యూజియంలో పెడతారు.

యాత్రికుడు కూడా ఈ మధ్య వచ్చినవాడేమీ కాదు. రాజధాని టోక్యోకి తరలిపోయాక చక్రవర్తి కొలువు మీద బతికిన క్యోటో నేతపేటలు దిక్కులేనివయ్యాయి. 1872లో నగరం రెండు పనులు చేసింది. ఒకటి, నిషిజిన్ నుంచి ముగ్గురిని ఫ్రాన్స్‌లోని లియోన్‌కి పంపి జకార్డు మగ్గాలు తెప్పించింది. రెండు, పెద్ద ప్రదర్శన పెట్టి, అప్పటిదాకా లోపలికి రానివ్వని విదేశీయుల్ని ప్రత్యేక అనుమతితో రానిచ్చింది. ఇప్పటికీ ఏటా జరిగే మియాకో ఒదోరి నృత్యం ఆ ప్రదర్శనతోనే మొదలైంది. మగ్గాన్ని బతికించాలన్న తపన, పరదేశిని పిలవాలన్న ఆలోచన ఒకే ఏట పుట్టాయి. వందేళ్ళ తర్వాత కూడా ఆ రెండూ కలిసే నడిచాయి: యాత్రికులు చూడటానికి వచ్చే నిషిజిన్ నేత కేంద్రం నేటి భవనం 1976 నాటిది. నిషిజిన్ నేత, క్యోటో యూజెన్ సంప్రదాయ వృత్తుల చట్టం కింద గుర్తింపు పొందిందీ ఆ ఏడే.

ఇంకో ఆక్షేపణ పరాయి సంస్కృతిని వేషంగా వేసుకోవడం గురించి. 2015లో బోస్టన్ లలితకళల మ్యూజియం చిత్రకారుడు మోనే గీసిన కిమోనో బొమ్మ ముందు సందర్శకుల్ని అలాంటి కిమోనో తొడుక్కోమన్నప్పుడు నిరసనలు వచ్చాయి, తొడగడం మానేసి తాకి చూడటంతో సరిపెట్టారు. యుద్ధకాలంలో జపాన్ మూలాల కుటుంబాల్ని లక్షమందికి పైగా శిబిరాల్లో నిర్బంధించిన దేశం అది. అక్కడ ఆ కోపాన్ని కొట్టిపారేయలేం. క్యోటోలో లెక్క వేరు. పాఠం చెప్పేది, ధర కట్టేది, ఏది నేర్పాలో నిర్ణయించేది స్థానికులే. 2019లో ఒక అమెరికన్ తార తన లోదుస్తుల వ్యాపారానికి కిమోనో అని పేరు పెట్టబోతే క్యోటో మేయరు ఉత్తరం రాసి అభ్యంతరం చెప్పాడు, ఆమె వ్యాపారం పేరు మార్చింది. కట్టుకునేవాళ్ళతో ఆ ఊరికి పేచీ లేదు. పేరుని సొంతం చేసుకోబోతేనే ఒప్పుకోలేదు.

నాకు బరువైనదిగా తోచే ఆక్షేపణ కూటికి సంబంధించింది. 1980ల మొదట్లో సుమారు 1.8 లక్షల కోట్ల యెన్‌లున్న కిమోనో చిల్లర వ్యాపారం 2010ల నాటికి 30 వేల కోట్లకి అటూఇటూగా పడిపోయింది. అదే కాలంలో 2013లో కోటి దాటిన విదేశీ యాత్రికులు 2019కి మూడు కోట్ల పైచిలుకయ్యారు. గుళ్ళ మెట్ల మీద కిమోనోలు పెరిగాయి, మగ్గాలు తగ్గాయి. అద్దెకిచ్చేవాటిలో చాలావరకు ప్రింటు పాలిస్టర్, ముడి ముందే కట్టి ఉంచిన ఓబి. వాటి వల్ల నిషిజిన్ నేతగాడికి ఒక్క పోగు పనీ దొరకదు. ఈ మాట నిజం. అందుకే అద్దె కౌంటర్నీ పని నేర్పే తరగతినీ ఒకే గాటన కట్టకూడదంటాను. రుమాలు తరగతిలో ఫీజు అద్దకం కార్ఖానాకి వెళుతుంది, స్టెన్సిల్ కోసే చేతికి పని ఉంటుంది. అది పరిశ్రమని నిలబెట్టేంత ఆదాయం కాకపోవచ్చు. కానీ రంగు కిందకి పాకి తన రుమాలు పాడైనవాడికి, అద్దాల బీరువాలోని కిమోనో ధర అంత ఎందుకో ఇంకొకరు చెప్పక్కర్లేదు.

ఈ తరగతులతో నా తగువు వేరే చోట ఉంది. కిమోనోలో అసలు తెలివి కుట్టులో ఉంది, దాన్ని వాళ్ళు ముట్టుకోరు. సుమారు 37 సెంటీమీటర్ల పన్నా, 12 మీటర్ల పొడవు ఉన్న తానుని నిలువుగా, అడ్డంగా మాత్రమే కోస్తారు. రెండు ఒంటి ముక్కలు, రెండు చేతులు, ముందు పక్క రెండు పట్టీలు, రెండు కాలరు ముక్కలు. గుండ్రం కోత లేదు కాబట్టి పీలిక వృథా పోదు. విప్పడానికి వీలుగా చేత్తో కుడతారు. మాసినప్పుడు కుట్లన్నీ విప్పి, ఉతికి, సముద్రపు నాచు గంజి పెట్టి, వెదురు పుల్లలతో సాగదీసి ఆరబెట్టి, అరిగిన అంచు లోపలికి పోయేలా తిరిగి కుట్టేవారు. తల్లిది కూతురికి, తర్వాత పిల్లల చొక్కాకి, చివరికి బొంత గలేబుకి వచ్చేది. ఇదంతా మెయిజీ ఆడపిల్లల బడుల్లో తప్పనిసరి పాఠం. ఇప్పుడు జపాన్‌లో కొనే చేతికుట్టు కిమోనోల్లో చాలావాటిని వియత్నాంలో కుట్టించి తెస్తున్నారు. దేశంలో నేర్చుకునేవాళ్ళే తగ్గిన విద్య యాత్రికుల పట్టికలోకి ఎక్కకపోవడంలో వింత లేదు. రెండు గంటల్లో కిమోనో కుట్టలేరని నిర్వాహకులు అంటారు. నిజమే, కానీ రెండు గంటల్లో ఒక పాత చెయ్యి విప్పి మళ్ళీ కుట్టవచ్చు, దానికి కావలసింది సూది, దారం, పాత బట్ట. పాత కిమోనోలు క్యోటో సంతల్లో కుప్పలుగా, కారుచవకగా దొరుకుతున్నాయి. అద్దెకిచ్చే పాలిస్టర్ కిమోనోకైతే ఆ విద్య అవసరమే లేదు, దాన్ని మిషను మీద కుట్టి మిషనులోనే ఉతుకుతారు.